నేపథ్యగృహంలో స్థానం నరసింహారావు

1920వ సంవత్సరంలో ఒకనాడు బాపట్లలో హరిశ్చంద్ర నాటకం ప్రదర్శనకు ఏర్పాటయింది. చంద్రమతి పాత్ర ధరించవలసిన నటుడు ఆ వేళకు రాలేదు. చంద్రమతి లేకపోతే హరిశ్చంద్రుని కథ కాశీనగరం చేరదు. చేరినా కాటివరకు సాగదు. ఆ కొరత తీర్చడానికి ఆ ఊరివాడే అయిన ఒక యువకుడు పూనుకొన్నాడు. ముఖానికి రంగు పూసుకొని, చీర కట్టుకొని, రాజ్యం పోగొట్టుకొన్న రాణిగా, అమ్ముడుపోయిన ఇల్లాలిగా, బిడ్డను పోగొట్టుకొన్న తల్లిగా ఆ రాత్రి ప్రేక్షకుల యెదుట నిలిచాడు. హనుమంతరావు, ఆదెమ్మ దంపతులకు 1902 సెప్టెంబరు 23న జన్మించిన ఆ యువకుడే స్థానం నరసింహారావు. ఒక్క రాత్రి అవసరానికి వేసిన స్త్రీవేషం సుమారు నలభై ఏండ్లు ఆయనను వదలలేదు.

ఆనాటి రంగస్థల పరిస్థితులు నేటి విద్యార్థులకు కొంత విడ్డూరంగా తోచవచ్చు. తెలుగునాట 1880 ప్రాంతంలో ఆధునిక నాటక ప్రదర్శనలు ఆరంభమైన నాటినుండి స్త్రీ పాత్రలను పురుషులే ధరించడం ఆచారమైపోయింది. సురభి నాటక కుటుంబాలలో స్త్రీలు తమ పాత్రలను తామే ధరించేవారు. పట్టణాలలో పెద్దమనుషులు కూడి నడిపే సమాజాలలో మాత్రం ఆ మాట తలపెట్టినవారే తక్కువ. సంసారి స్త్రీ రంగమెక్కితే పరువు పోతుందని సంఘం భావించింది. రంగమెక్కిన కళావంతుల ఆటపాటలకు ఆనందిస్తూనే వారిని చిన్నచూపు చూచింది. పురుషుని స్త్రీవేషం ఈ అన్యాయపు నీడలో పెరిగిన విద్య. విద్య గొప్పదైనంత మాత్రాన దానికి దారితీసిన కారణం కూడ మంచిదని చెప్పడానికి వీలులేదు. అయితే ఆ నీడలోనే ఒక మహానటుడు తయారైనాడన్నది కూడ చరిత్రే.

పురుషుడు స్త్రీగా కనబడవలెనంటే శరీరంలో చాలా భాగాన్ని చీర, రవిక, సవరం, నగలు కప్పిపుచ్చుతాయి. అవి కప్పలేనిది ముఖం. ముఖంలోనూ కండ్లు, ముక్కు అంతగా చిక్కు తెచ్చిపెట్టవు. చిక్కంతా గడ్డంతోనే. ఎంత నున్నగా క్షౌరం చేయించుకొన్నా చర్మం క్రింద వెంట్రుకల కుదుళ్లు నిలిచే ఉంటాయి. అవి చర్మంగుండా నల్లగా కాక నీలి బూడిదరంగుగా పైకి తోస్తాయి. పై పెదవిమీద, దవడల వెంట, గడ్డం క్రింద కనిపించే ఈ నీలినీడయే స్త్రీపాత్రధారికి మొదటి శత్రువు. తెలియనివారు దీనిమీద తెల్లని పొడిని మెత్తుతారు. తెలుపు నీలంతో కలిసి బూడిదగుమ్మడికాయ చాయ తేలుతుందే గాని నీడ పోదు. పైగా కప్పిపుచ్చబోయిన చోటనే అందరి చూపూ పడుతుంది.

రంగుల స్వభావం ఎరిగినవాడు ఆ నీడను తెలుపుతో కాక ఎదురు రంగుతో కొడతాడు. నీలానికి ఎదురు నారింజ. కావి కలిసిన పసుపు చాయను, నీడ ఉన్నంత మేరకే, పలుచగా వ్రేలికొనతో అద్దాలి, రుద్దరాదు. దాని అంచులు చర్మంలో కలిసిపోయిన పిమ్మట ముఖమంతటికీ వేయవలసిన రంగు వేస్తే నీలం విరిగిపోతుంది. ఆపైన పొడిని మెత్తగా ఒత్తి, మిగిలినదాన్ని దులిపివేయాలి. చిత్రలేఖనం నేర్పే ఉపాధ్యాయుడు నీటిరంగులతో తరగతిలో చూపదగిన పాఠమే ఇది. నేడు దుకాణాలలో కన్సీలరు అనే పేర అమ్మే లేపనాలలో రంగు చాయలు గలవాటికి ఆధారమైన సూత్రం కూడ ఇదే. కంటిక్రింది నలుపుకు, మొటిమ వదలిన మచ్చకు వాడేవారు కూడ మచ్చ రంగును చూచి లేపనాన్ని ఎన్నుకోవాలి గాని, తెల్లనిదైతే చాలుననుకోరాదు.

మన పాత వీధినాటకాలవారు ఈ సూత్రాన్ని పుస్తకంలో చదువుకొనకపోయినా వారి వద్ద అర్దళం ఉండేది. హరితాళమనే ఆ పసుపుపచ్చని రాతిని నూరి ముఖానికి పట్టించేవారు. కాగడాల ఎర్రని వెలుతురులో ఆ పచ్చదనం మేలిమి బంగారంలా మెరిసేది. గడ్డపు నీడను అణచే గుణమూ దానికి కొంత ఉన్నది. అయితే అర్దళం పాషాణజాతిది, ఆర్సెనిక్, గంధకం కలిసిన ఖనిజం. తెలుపుకు పూసే సీసపు పొడి, ఎరుపుకు పూసే ఇంగిలీకం కూడ విషాలే. దేవతగా కనిపించడానికి నటుడు రాత్రిపొడుగునా విషాన్ని పూసుకొని చెమటతో తడిసేవాడన్నమాట. ఈ బాధ మనదేశానికే పరిమితం కాదు. జర్మనీలో లుడ్విగ్ లైష్నర్ అనే సంగీతనాటక గాయకుడు 1873లో సీసం లేని కొవ్వురంగు కడ్డీలను తయారుచేసి అమ్మకానికి పెట్టడంతో పాశ్చాత్య నటులకు ఈ బెడద చాలవరకు తీరింది. ఆ కడ్డీలకు అంకెలుండేవి. అయిదవది దంతపు తెలుపు, తొమ్మిదవది ఇటుక ఎరుపు. ఆ రెంటినీ అరచేతిలో కలిపి ముఖవర్ణాన్ని సిద్ధం చేసుకోవడం వారి వాడుక. క్రమంగా అటువంటి రంగులు మన పట్టణాలకూ చేరాయి.

రంగు మంచిదైనా గుంటూరు మండలపు వేసవి మంచిది కాదు. మిరప కళ్లాలనుండి ఇల్లు చేరి, పత్తి అమ్ముడుపోయి, రైతు చేతిలో నాలుగు డబ్బులు ఆడే కాలమే నాటకాలకు అదను. రాత్రి మొదలైన నాటకం తెల్లవారుజాముదాకా సాగేది. ఉదయం చేయించుకొన్న క్షౌరం రాత్రికి నిలువదు. నాటకానికి ముందు, సాయంకాలమే చేయించుకోవాలి. కత్తిగాట్లకు పటిక రాచి, చన్నీళ్లతో ముఖం కడిగి, చర్మం చల్లబడేవరకు ఆగనిదే రంగు ముట్టరాదు. వేడి చర్మంమీద వేసిన రంగు రెండవ రంగంలోనే కారడం మొదలుపెడుతుంది. చెమటను అద్దితే పని జరుగుతుంది. తుడిస్తే గడ్డం బయటపడుతుంది. మిరపకాయల ఘాటు గాలిలో నిలిచిన ఊళ్లలో చంద్రమతి కన్నీరు కార్చడానికి ప్రత్యేకించి శ్రమపడనక్కరలేకపోయినా, ఆ కన్నీరు చెక్కిలిమీది రంగును చారలు చేయకుండ చూచుకోవడానికి మాత్రం శ్రమపడవలసిందే.

బాపట్లలో మొదలైన ఈ నటజీవితానికి ఇల్లు దొరికింది తెనాలిలో. ఆ పట్టణపు శ్రీరామవిలాస సభ ఆనాడు ఆంధ్రదేశంలో పేరెన్నికగన్న నాటక సమాజాలలో ఒకటి. మాధవపెద్ది వెంకట్రామయ్య, గోవిందరాజుల సుబ్బారావు వంటి ఉద్దండుల సరసన నరసింహారావుగారు అక్కడ స్త్రీ పాత్రలు ధరించారు. శ్రీకృష్ణతులాభారంలో సత్యభామ, సారంగధరలో చిత్రాంగి, రోషనారలో రోషనార, విప్రనారాయణలో దేవదేవి, చింతామణిలో చింతామణి, కన్యాశుల్కంలో మధురవాణి. ఈ జాబితాను పైపైన చదివితే ఒక నటుడు వేసిన వేషాల పట్టికగా కనిపిస్తుంది. కాస్త నిలిచి చూస్తే ఇందులో ఏ ఇద్దరు స్త్రీలూ ఒక తీరువారు కారు. సత్యభామది భర్తృప్రేమమీది ధీమా, చిత్రాంగిది దహించే కోరిక. రోషనార మొగలాయి అంతఃపురపు రాకుమార్తె. మధురవాణి విజయనగరం వీధుల లోకజ్ఞానం గల వేశ్య.

పురుషుని గడ్డాన్ని దాచడానికి ఒకే రంగు చాలును. ఆరుగురు స్త్రీలను చూపడానికి ఏ రంగూ చాలదు. నరసింహారావుగారి ప్రత్యేకత ఇక్కడనే ఉన్నది. స్త్రీవేషధారులలో చాలమంది ఒకే అందమైన ముఖాన్ని సిద్ధంచేసుకొని, దాన్నే సీతకూ శకుంతలకూ తగిలించేవారు. ఆయన పాత్ర స్వభావాన్ని ముందుగా ఆకళించుకొని, ఆ స్వభావానికి తగినట్లు అలంకరించుకొనేవారు. బొట్టు, కాటుక, కొప్పు, చీరకట్టు, నడక అన్నీ పాత్రననుసరించి మారేవి. భరతముని అభినయాన్ని ఆంగికం, వాచికం, ఆహార్యం, సాత్త్వికం అని నాలుగు విధాలుగా చెప్పాడు. రంగు, చీర, నగ ఆహార్యానికి చెందినవి. తక్కిన మూడూ నడచిరాకపోతే ఆహార్యం బొమ్మకు కట్టిన చీర వంటిదే. పురుషుడు స్త్రీస్వభావాన్ని అనుసరించి నటించడానికి నాట్యశాస్త్రంలో రూపానుసారిణి అనే పేరే ఉన్నది. అనుసరించడమనే మాటలోనే విషయమంతా ఉన్నది. రూపాన్ని తగిలించుకోవడం వేరు, దానివెంట నడవడం వేరు.

ఆ పాత్రలలో దేవదేవిని తీసుకొంటే ఈ శిల్పంలోని సూక్ష్మం తెలుస్తుంది. దేవదేవి వేశ్య. రంగనాథునికి పూలదండలు సమర్పించే విప్రనారాయణుని నిష్ఠను భంగపరుస్తానని పంతం పట్టి, నగలు తీసివేసి, సాదా బట్టలు కట్టి, భక్తురాలివలె ఆయన తోటలో ప్రవేశిస్తుంది. అంటే అలంకారాన్ని తుడిచివేసుకొన్నట్లు కనిపించే స్త్రీ ముఖాన్ని ఒక పురుషుడు రంగులతో తయారుచేయాలి. రంగు ఎక్కువైతే దేవదేవి కపటం విప్రనారాయణునికి మొదటి చూపులోనే తెలిసిపోవాలి. తక్కువైతే నటుని గడ్డం ప్రేక్షకులకు తెలిసిపోతుంది. ముఖాన ఏమీ పూయలేదనిపించే రంగే వేయడానికి అన్నింటికన్న కష్టమైన రంగు. ఎంత అవసరమో అంతమేరకే, ఎంత పలుచగా వీలో అంత పలుచగా వేయడం తప్ప దానికి మరో ఉపాయం లేదు.

మధురవాణి చిక్కు మరొక రకం. కన్యాశుల్కం చివరి అంకంలో ఆమె పురుషవేషంతో సౌజన్యారావు పంతులు ఇంటికి వస్తుంది. పురుషుడు స్త్రీ అయి, ఆ స్త్రీ మరల పురుషుడైనట్లు నటించాలి. చీర పోయింది, సవరం మరుగుపడింది, నగలు లేవు. తొడిగినవి మగవాని దుస్తులే, లోపల ఉన్నదీ మగవాడే. అయినా ప్రేక్షకునికి అక్కడ కనబడవలసినది ఆడది. ఆ క్షణాన ఆడతనాన్ని నిలబెట్టవలసినవి కండ్లు, కంఠం, చేతులు తిప్పే తీరు. గురజాడవారు ఈ పరీక్షను స్త్రీపాత్రధారులకోసం పెట్టి ఉండరు గాని, వారికి ఇంతకన్న కఠినమైన పరీక్ష మరొకటి లేదు.

చేతుల ప్రసక్తి వచ్చింది గనుక మరొక్క మాట. పాఠశాల వార్షికోత్సవాలలో పిల్లలకు వేషాలు కట్టేటప్పుడు ముఖం పచ్చగా, మెడ చామనచాయగా, చేతులు నల్లగా ఉండడం చూస్తూనే ఉంటాము. రంగు గడ్డంతో ఆగిపోతే తల ఒకరిది, మొండెం ఒకరిది అయినట్లుంటుంది. చెవులు, మెడ, ముంజేతులు ముఖానికి కలిసిరావాలి. అరచేతి వెనుక రంగును చూచి ముఖానికి లేపనం ఎన్నుకోవడం కూడ పొరపాటే. ఆ రెండు చర్మాలకూ పడ్డ ఎండ ఒకటి కాదు. దవడ అంచున, మెడ కలిసే చోట పూసి, నాటకం ఏ దీపంక్రింద జరుగునో ఆ దీపంక్రిందనే చూడాలి. రంగు తీయడానికి కొబ్బరినూనె అద్ది మెత్తని గుడ్డతో తుడిచి, తరువాత శనగపిండితో కడగాలి. అలసిపోయి రంగుతోనే నిద్రించే నటుని చర్మం కొంత కాలానికి ఏ రంగునూ భరించదు.

సత్యభామ ఆయన పేరుకు మారుపేరైంది. ముత్తరాజు సుబ్బారావుగారి శ్రీకృష్ణతులాభారంలో ఆ పాత్రకోసం ఆయన స్వయంగా ఒక పాట వ్రాసుకొన్నారు. కృష్ణుడు తన ఆన జవదాటడన్న సత్య గర్వం ఆ పాటలో ప్రతి పదాన తొణికిసలాడుతుంది. 1938లో రంగూన్ పట్టణవాసులు ఆయనకు బంగారు కిరీటం బహూకరించారు. మహారాష్ట్రలో బాలగంధర్వ, గుజరాతులో జయశంకర్ సుందరి, చీనాలో మేయ్ లాన్‌ఫాంగ్ స్త్రీ పాత్రలతో ప్రఖ్యాతులైన కాలమది. ఆ వరుసలో తెలుగువారు నిలుపుకొన్న పేరు స్థానం.

నిజమైన పరీక్ష కీర్తి వచ్చిన తరువాతనే ఎదురైంది. చంద్రమతి వేషం వేసిన నాటి యువకునికి గడ్డం లేతగా ఉండి ఉంటుంది. నలభై దాటిన పురుషుని గడ్డం అలా ఉండదు. కండ్ల క్రింద చర్మం వదులౌతుంది, పెదవుల ప్రక్క గీతలు పడతాయి. కుర్రతనంలో మందమైన రంగు ఎలాగో చెల్లుతుంది. ముదిమిలో అదే రంగు నవ్విన ప్రతిసారీ గీతలవెంట పగులుతుంది. వయసు మళ్లినకొద్దీ రంగు పెంచాలనిపించడం సహజం. పెంచినకొద్దీ వయసు బయటపడడం అంతకన్న సహజం. అప్పుడు చేయగలిగినది, నల్లబడిన గుంటలో మాత్రమే వెలుతురు చాయను పెట్టి, చుట్టుప్రక్కల చర్మాన్ని వీలైనంత వదలివేయడం. దీపాలు కూడ మారిపోయాయి. కాగడాలు, నూనెదీపాలు చాలా లోపాలను తమ ఎర్రని వెలుగులో క్షమించేవి. తరువాత పెట్రోమాక్సు వచ్చింది. దాని తర్వాత విద్యుద్దీపం. విద్యుద్దీపానికి దాక్షిణ్యం లేదు.

అంతలో చలనచిత్రం తెలుగు మాట్లాడసాగింది. వెండితెరమీద సత్యభామ, చంద్రమతి స్త్రీలే అయ్యారు. రంగస్థలంమీద కూడ నటీమణులు ముందుకు రాసాగారు. పురుషుడు స్త్రీవేషం వేయవలసిన అగత్యం రోజురోజుకు తగ్గిపోతున్నది. అది సంఘానికి శుభమే గాని, ఆ ఒక్క విద్యలో జీవితమంతా పెట్టినవానికి కాలిక్రింది నేల కదిలినట్లే. అగత్యం తీరిన తరువాత కూడ ఏబదేండ్ల వయసులో ఉన్న సత్యభామను చూడడానికి, పట్టణాలలోనూ పల్లెలలోనూ జనం కూడారంటే వారు రంగును చూచి మోసపోయినవారు కారు. ఎదుట ఉన్నది పురుషుడని అందరికీ తెలుసు. గోడపత్రంమీద ఆయన పేరే ఉన్నది. తెలిసీ ఒక గంట తర్వాత దాన్ని మరచిపోవడానికే వారు టిక్కెట్టు కొన్నారు.

విదేశాలలో ఆ సమయానికే ముఖలేపనం పెద్ద పరిశ్రమ అయింది. చలనచిత్ర నటులకు రంగులు సమకూర్చి ప్రసిద్ధికెక్కిన మాక్స్ ఫాక్టర్ సంస్థ 1954లో ఇరేస్ అనే పేర మచ్చలను, కంటిక్రింది నలుపును కప్పే కడ్డీని సామాన్య స్త్రీల వాడుకకు విడుదల చేసింది. నాటకరంగపు నేపథ్యగృహంలో నటులు చాటున చేసుకొనే పని ఆ విధంగా ఇంటి అద్దం ముందుకు వచ్చింది. 1956లో భారత ప్రభుత్వం నరసింహారావుగారిని పద్మశ్రీ బిరుదంతో గౌరవించింది. స్త్రీవేషం కట్టేవాడని ఎగతాళి చేసిన నోళ్లు తెలుగునాట లేకపోలేదు. ఆ నోళ్లకు ఆయన వేరే సమాధానం చెప్పవలసిన పని తప్పింది.

తన రంగస్థలానుభవాలను ఆయన నటస్థానం అనే గ్రంథంలో వ్రాసిపెట్టారు. స్త్రీపాత్రను పురుషుడు ఎలా అవగాహన చేసుకోవాలో తెలుసుకోగోరే విద్యార్థికి అది ఆకరగ్రంథం. హైదరాబాదు ఆకాశవాణి కేంద్రంలోనూ ఆయన కొంతకాలం నాటక విభాగంలో పనిచేశారు. రేడియోలో అద్దం లేదు, అర్దళం లేదు, గడ్డం గొడవ లేదు. అక్కడ ఉన్నది కంఠం ఒక్కటే.

1966లో శ్రీకృష్ణతులాభారం చలనచిత్రంగా వచ్చింది. సత్యభామగా జమున నటించారు. నరసింహారావుగారు తన సత్యభామకోసం వ్రాసుకొన్న పాటను ఆ చిత్రంలో పి. సుశీల పాడారు. 1971లో స్థానం నరసింహారావు పరమపదించారు. ఆ పాట నేటికీ తెలుగు ఇండ్లలో వినవస్తూనే ఉన్నది. వినేవారిలో చాలమందికి అది మొదట ఎవరి నోట పుట్టిందో తెలియదు.